అప్పీలు వెనక్కి తీసుకున్నాక మిగిలే హక్కు
(న్యాయవాద సంఘం దివంగత సభ్యుల స్మారక ఉపన్యాసం)



ఈ ఉపన్యాసాన్ని మీరు ఒక్కరి పేరు మీద కాకుండా, ఈ బార్‌లో పనిచేసి కన్నుమూసిన వారందరి పేరు మీద ఏర్పాటు చేశారు. వారిలో చాలామంది పేర్లు లా రిపోర్టుల్లో కనిపించవు. వారు రాసిన ప్లీడింగులు, వేసిన మెమోలు, డాకెట్ షీటు మీద చేసిన ఎండార్స్‌మెంట్లే వారి జీవితకాలపు కృషి. వాటి మీద ఆధారపడే వందల కుటుంబాల భూములు నిలిచాయి, పోయాయి. అందుకే రాజ్యాంగపు మహా సిద్ధాంతాన్ని కాకుండా, రోజూ రెండు వాక్యాల్లో ముగిసిపోయే ఒక పనిని ఇవాళ మాట్లాడడానికి ఎంచుకున్నాను. ఆ పని అప్పీలును ఉపసంహరించుకోవడం. ఉపసంహరించుకుంటూనే, తర్వాత వచ్చే ఉత్తర్వులను సవాలు చేసే హక్కును కాపాడుకోవడం.

నేను చెప్పదలచిన మాట ఇది. అప్పీలు వెనక్కి తీసుకునేటప్పుడు కొన్ని హక్కులను చట్టమే కాపాడుతుంది. కొన్ని హక్కులు కోర్టు అనుమతిని రాతపూర్వకంగా తీసుకుంటేనే మిగులుతాయి. మరికొన్ని, కోర్టు ఎంత ఉదారంగా రాసినా మిగలవు. ఈ మూడింటినీ వేరుచేసి కక్షిదారుకు ముందే చెప్పడం న్యాయవాది విధి.

దావా వేరు, అప్పీలు వేరు

సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 23 రూల్ 1 మనకందరికీ కంఠస్థం. వాది ఎప్పుడైనా తన దావాను వదులుకోవచ్చు. దావాలో సాంకేతిక లోపం ఉన్నా, తగిన మరో కారణం ఉన్నా, అదే విషయం మీద మళ్ళీ దావా వేసుకునే స్వేచ్ఛతో ఉపసంహరణకు కోర్టు అనుమతించవచ్చు. ఆ అనుమతి లేకుండా వెనక్కి తీసుకుంటే అదే విషయం మీద కొత్త దావాకు దారి మూసుకుపోతుంది, ఖర్చులు కూడా మీద పడవచ్చు. మన రోజువారీ భాషలోని 'లిబర్టీ' ఇక్కడ పుట్టింది.

ఈ భాషను అప్పీలుకు యథాతథంగా తగిలించినప్పుడు చిక్కు మొదలవుతుంది. దావాను వెనక్కి తీసుకుంటే పలక తుడిచినట్టే. అప్పీలును వెనక్కి తీసుకుంటే మాత్రం పలక మీద కింది కోర్టు రాసిన రాత అలాగే ఉంటుంది, దాన్ని చెరపమని అడిగే చేయి ఒక్కటే వెనక్కి పోతుంది. డిక్రీ నిలుస్తుంది. ఉత్తర్వు అమలులో ఉంటుంది. గడువు గడిచిపోతే అది అంతిమమవుతుంది.

అప్పీలుదారు తన అప్పీలును బేషరతుగా వెనక్కి తీసుకుంటానంటే, ఖర్చుల విషయం మినహాయిస్తే, సాధారణంగా కోర్టు కాదనకూడదని 1963లో బిజయానంద పట్నాయక్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అప్పీలు దశకు వచ్చాక అసలు దావానే మళ్ళీ వేసుకునే స్వేచ్ఛతో వెనక్కి తీసుకుంటానంటే పరిస్థితి పూర్తిగా వేరు. అప్పటికే ప్రతివాదికి అనుకూలంగా తీర్పు వచ్చి ఉంటే, ఆ ఉపసంహరణ అతను గెలుచుకున్నదాన్ని తుడిచిపెడుతుంది. రెండో అప్పీలు దశలో హైకోర్టు ఇలా ఇచ్చిన అనుమతిని సుప్రీంకోర్టు 2000లో రద్దుచేసింది. ఎదుటి పక్షానికి దక్కిన హక్కును తలచుకోకుండా లిబర్టీ ఇవ్వకూడదన్నది ఆ తీర్పు సారం. మనం మెమో మీద ఏ నంబరు రాస్తున్నాం, దావాదా, అప్పీలుదా అన్నది ఇంత పెద్ద విషయం.

ఒక ఇంజంక్షన్ అప్పీలు కథ

మన జిల్లా కోర్టుల్లో తరచూ కనిపించే ఒక ఉదాహరణ తీసుకుందాం. ఒక రైతు మీద పొరుగు రైతు శాశ్వత ఇంజంక్షన్ దావా వేశాడు. మధ్యంతర ఇంజంక్షన్ వచ్చింది. మన రైతు ఆర్డర్ 43 రూల్ 1 కింద సివిల్ మిసిలేనియస్ అప్పీలు వేశాడు. అప్పీలు వాయిదాలు పడుతుండగా కింద దావా సాక్ష్యానికి వచ్చింది. 'ఇప్పుడీ అప్పీలు ఎందుకు, దావానే త్వరగా తేల్చమని అడుగుదాం' అని న్యాయవాది సలహా ఇచ్చాడు. అది చాలాసార్లు మంచి సలహాయే. అప్పీలు ఉపసంహరించుకున్నారు, ఫలానా గడువులోగా దావా ముగించమని పై కోర్టు చెప్పింది.

ఇప్పుడు ఆ రైతు చేతిలో ఏముంది?

ఆ మధ్యంతర ఉత్తర్వు మీద మళ్ళీ అప్పీలు వేసే వీలు లేదు. దావా ముగిసేవరకూ ఆ ఇంజంక్షన్ అతన్ని బంధిస్తుంది. 'అప్పీలు తీసేశాం, గొడవ లేదు' అన్న మాటను ఊళ్ళో ఇంజంక్షనే పోయిందన్నట్టు అర్థం చేసుకుని అతను గట్టు దాటి నాగలి కట్టాడనుకోండి. ఆర్డర్ 39 రూల్ 2ఎ కింద ఆస్తి జప్తు కావచ్చు, మూడు నెలల వరకు సివిల్ జైలు పడవచ్చు. ఈ ఒక్క విషయాన్ని కక్షిదారుకు తెలుగులో, తీరికగా, రెండుసార్లు చెప్పాలి.

కోల్పోయింది అది. ఇక మిగిలింది చూద్దాం. మధ్యంతర ఉత్తర్వులోని అభిప్రాయాలు ప్రాథమిక అంచనాలు మాత్రమే. విచారణలో హక్కును, స్వాధీనాన్ని కోర్టు సాక్ష్యం మీద కొత్తగా తేల్చాలి. పరిస్థితులు మారితే ఆర్డర్ 39 రూల్ 4 కింద ఆ ఇంజంక్షన్‌ను సవరించమని, ఎత్తివేయమని కింది కోర్టునే అడగవచ్చు. ఆ దరఖాస్తును కొట్టివేస్తే, ఆ కొత్త ఉత్తర్వు మీద కొత్త అప్పీలు ఉంది. అడ్వకేట్ కమిషనర్‌ను నియమించినా, పోలీసు సాయం ఇచ్చినా, ఇంజంక్షన్ పరిధిని పెంచినా, ప్రతిదీ దానికదే ఒక ఉత్తర్వు. చట్టం అనుమతించిన చోట అప్పీలు, లేని చోట రాజ్యాంగం 227వ అధికరణ కింద రివిజన్ పిటిషన్. దీనికి ఎవరి లిబర్టీ అక్కర్లేదు. నిన్న వదిలేసిన అప్పీలు రేపు పుట్టబోయే ఉత్తర్వును ముందుగానే ఒప్పుకున్నట్టు కాదు.

అయితే ఒక హద్దు ఉంది, ఎక్కువ తప్పులు ఇక్కడే జరుగుతాయి. తర్వాతి ఉత్తర్వును సవాలు చేసే హక్కుతో పాటు మొదటి ఉత్తర్వును మళ్ళీ తిరగదోడే హక్కు రాదు. పోలీసు సాయం ఉత్తర్వు మీద వేసిన పిటిషన్‌లో, పోలీసు సాయం ఎందుకు అనవసరమో, ఎందుకు హద్దు మీరిందో చెప్పాలి. మొదటి ఇంజంక్షన్ ఇవ్వడమే తప్పని అక్కడ వాదిస్తే, 'దాని మీద వేసిన అప్పీలును మీరే వదులుకున్నారు కదా' అని ఎదుటి న్యాయవాది లేచి అంటాడు. ఆ మాటకు జవాబు ఉండదు.

మరి మొదటి ఉత్తర్వులోని తప్పు ఎప్పటికీ మూతబడినట్టేనా? సెక్షన్ 105 ఒక కిటికీ తెరిచి ఉంచింది. దావా ఫలితాన్ని ప్రభావితం చేసిన మధ్యంతర ఉత్తర్వులోని తప్పును తుది డిక్రీ మీద వేసే అప్పీలులో ఒక అభ్యంతరంగా చేర్చవచ్చు. మధ్యంతర ఉత్తర్వు మీద అప్పుడే అప్పీలుకు వెళ్ళకపోయినా, తుది అప్పీలులో దాన్ని ప్రశ్నించవచ్చని సుప్రీంకోర్టు 1960లోనే స్పష్టం చేసింది. పత్రాన్ని సాక్ష్యంగా స్వీకరించకపోవడం, సవరణ దరఖాస్తును తిరస్కరించడం, అదనపు జవాబుదావాను కాదనడం వంటివి ఈ కోవలోకి వస్తాయి. కాబట్టి అలాంటి ఉత్తర్వు మీద వేసిన పిటిషన్‌ను వెనక్కి తీసుకునేటప్పుడు 'సెక్షన్ 105 కింద తుది అప్పీలులో ఈ అభ్యంతరం లేవనెత్తే హక్కుకు భంగం లేకుండా' అన్న మాట మెమోలో ఉండాలి. ఆ మాట లేకపోయినా హక్కు ఉందని వాదించవచ్చు. ఉంటే వాదించాల్సిన అవసరమే రాదు.

చట్టమే తలుపు మూసే చోట్లు

అదే సెక్షన్ 105 రెండో భాగం కఠినమైనది. రిమాండ్ ఉత్తర్వు మీద అప్పీలుకు వీలుండీ వేయకపోతే, ఆ రిమాండ్ సరికాదని తర్వాత అనలేరు. వేసి వెనక్కి తీసుకున్నవాడి స్థితీ అంతే. సెక్షన్ 97 ఇంకా పెద్దది. ప్రాథమిక డిక్రీ మీద అప్పీలు చేయకపోతే, తుది డిక్రీ మీద చేసే అప్పీలులో ప్రాథమిక డిక్రీ తప్పని అనడానికి వీల్లేదు.

విభాగ దావాలు చూసినవారికి ఇది కేవలం పుస్తకంలోని మాట కాదని తెలుసు. ప్రాథమిక డిక్రీలో వాటాలు తేలతాయి. పెద్దమనుషులు కూర్చోబెట్టి, 'వాటాల సంగతి వదిలేయండి, మంచి పొలం మీ వైపు పడేలా తుది డిక్రీలో చూసుకుందాం' అని చెప్పి అప్పీలు వెనక్కి తీయిస్తారు. తీరా కమిషనర్ నివేదిక వచ్చాక పొలం అటు పోతుంది. వాటా గురించి మాట్లాడదామంటే సెక్షన్ 97 అడ్డుగా నిలుస్తుంది. తుది డిక్రీలో భూమి పంపకం, కమిషనర్ నివేదిక, మధ్యకాలపు ఆదాయం మీద అప్పీలు చేయవచ్చు, వాటా మీద చేయలేరు. ప్రాథమిక డిక్రీ మీద వేసిన అప్పీలు ఉపసంహరణకు అనుమతిస్తూ కోర్టు 'తుది డిక్రీని సవాలు చేసే స్వేచ్ఛతో' అని రాసినా, ఆ స్వేచ్ఛ సెక్షన్ 97ను దాటి పోదు. చట్టం తీసేసిన హక్కును లిబర్టీ తిరిగి ఇవ్వలేదు.

ఇదే రంగంలో మన తెలుగు నేల ఒక గొప్ప మినహాయింపునూ చూసింది. ఆంధ్రప్రదేశ్ 1986 సవరణ చట్టం కూతుళ్ళకు ఉమ్మడి ఆస్తిలో జన్మహక్కు ఇచ్చింది. ప్రాథమిక డిక్రీ వచ్చి, తుది డిక్రీ రాకముందే చట్టం మారితే ఆ కూతుళ్ళకు వాటా దక్కుతుందని సుప్రీంకోర్టు 1991లో ఈ రాష్ట్ర కేసులోనే చెప్పింది. 2005 కేంద్ర సవరణ తర్వాత మరో ఆంధ్ర కుటుంబం కేసులో, 1999 నాటి ప్రాథమిక డిక్రీ ఉన్నప్పటికీ, కింది కోర్టు కూతుళ్ళకు పెంచి ఇచ్చిన వాటాలను 2011లో నిలబెట్టింది. తుది డిక్రీ వచ్చేవరకు విభాగ దావా సజీవంగా ఉంటుందని, మారిన పరిస్థితిని బట్టి ప్రాథమిక డిక్రీని మార్చవచ్చన్నది ఆ తీర్పుల సారం. ప్రాథమిక డిక్రీ మీద అప్పీలు వదులుకున్నా, ఆ తర్వాత పుట్టిన కొత్త హక్కు వదులుకున్నట్టు కాదు. పాత తప్పును తిరగదోడడం వేరు, కొత్త హక్కును అడగడం వేరు.

రాజీలో భాగంగా జరిగే ఉపసంహరణ మరో మూసిన తలుపు. రాజీ డిక్రీ మీద సెక్షన్ 96(3) అప్పీలును నిషేధించింది. ఆ రాజీ చెల్లదనుకుంటే, దాన్ని నమోదు చేసిన కోర్టు దగ్గరికే పోవాలి.

జంట అప్పీళ్ళు

మెమో వేసే ముందు తప్పక అడగాల్సిన మరో ప్రశ్న ఉంది: 'ఇదే తీర్పు నుంచి ఇంకో అప్పీలు ఉందా?' ఒకే పొలం మీద ఇద్దరూ ఎదురెదురు దావాలు వేసుకుంటారు. రెండిటినీ కలిపి విచారించి ఉమ్మడి తీర్పు ఇస్తారు. రెండు డిక్రీలు వస్తాయి, రెండు అప్పీళ్ళు వేస్తారు. 'ఒకటి చాలు కదా' అని ఒకదాన్ని వదిలేస్తారు. కలిపి విచారించిన రెండు దావాల్లో ఒకదాని మీద అప్పీలు లేకపోతే, అందులోని నిర్ణయం అంతిమమై రెండోదాని అప్పీలుకు అడ్డుపడుతుందని సుప్రీంకోర్టు ప్రీమియర్ టైర్స్ కేసులో చెప్పింది. కోర్టు ఫీజు, ప్రయాణం, రోజు ఖర్చు కలిసొస్తాయని వదిలిన అప్పీలు, మిగిలిన అప్పీలు ప్రాణాన్ని తీస్తుంది. ఇక్కడ ముందుజాగ్రత్త ఒక్కటే: ఉమ్మడి ప్రశ్న ఉన్నంతవరకు రెండూ నడపాలి.

ఎదుటివారి క్రాస్ అబ్జెక్షన్ల సంగతీ మరవకూడదు. ఆర్డర్ 41 రూల్ 22 ప్రకారం అప్పీలు వెనక్కి తీసుకున్నా ఎదుటివారి క్రాస్ అబ్జెక్షన్లు విచారణకు వస్తాయి. మనం పోరాటం ఆపాం కదా అని పోరాటం ఆగదు.

రిట్లు, ప్రత్యేక అనుమతి పిటిషన్లు

హైకోర్టు రిట్ల విషయంలో దారి చూపిన తీర్పు సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ సర్వీస్. మధ్యప్రదేశ్ రవాణా పర్మిట్ల వివాదం అది. రిట్ పిటిషన్‌ను లిబర్టీ లేకుండా వెనక్కి తీసుకుని, మళ్ళీ అదే ఉత్తర్వు మీద ఇంకో రిట్ వేశారు. జస్టిస్ ఇ.ఎస్. వెంకట్రామయ్య 1986లో ఇచ్చిన తీర్పులో దానికి వీల్లేదన్నారు. అది రెస్ జ్యుడికేటా కాదు, ఎందుకంటే ఏ అంశమూ తేలలేదు. అనుకూలమైన బెంచి కోసం వెతుక్కునే ధోరణిని ఆపడం ప్రజావిధానం కాబట్టి, ఆర్డర్ 23 వెనకున్న సూత్రం రిట్లకూ వర్తిస్తుందని చెప్పారు. అదే తీర్పు సివిల్ దావా వంటి ఇతర పరిహారాలను మూయలేదు. వ్యక్తి స్వేచ్ఛకు సంబంధించిన హెబియస్ కార్పస్ వంటి పిటిషన్లను ఈ నియమంలోకి లాగలేదు. ఆ తీర్పును సగమే చదివి కక్షిదారును భయపెట్టేవారికి ఈ రెండో భాగాన్ని గుర్తుచేయాలి.

సుప్రీంకోర్టులో ప్రత్యేక అనుమతి పిటిషన్‌ను మొదటి దశలోనే తోసిపుచ్చితే హైకోర్టు తీర్పు అందులో విలీనం కాదని, హైకోర్టులో రివ్యూకు వెళ్ళవచ్చని 2000లో కున్హయమ్మద్ తీర్పు, ఆ తర్వాత 2019లో ఖోడే డిస్టిలరీస్ తీర్పు స్థిరపరిచాయి. అయితే బెంచి మొగ్గు చూపడం లేదని గ్రహించి పిటిషన్‌ను వెనక్కి తీసుకున్నవారి సంగతి వేరు. మళ్ళీ వచ్చే స్వేచ్ఛ కోరకుండా వెనక్కి తీసుకుని, హైకోర్టులో రివ్యూ పోయాక మళ్ళీ వచ్చిన ఒక రుణగ్రహీతను సుప్రీంకోర్టు 2025లో విననన్నది. రివ్యూను కొట్టివేసిన ఉత్తర్వు మీద అప్పీలు ఉండదని ఆర్డర్ 47 రూల్ 7 చెబుతుంది, మూల ఉత్తర్వు మీద పిటిషన్ వదిలేసుకున్నారు. రెండు కాళ్ళ కిందా నేల లేదు. 'రివ్యూకు వెళ్ళే స్వేచ్ఛతో' అన్న మాట అడిగి, 'రివ్యూ విఫలమైతే మూల ఉత్తర్వు మీద మళ్ళీ ఇక్కడికి వచ్చే స్వేచ్ఛతో' అన్న మాట అడగకుండా వచ్చేయడం ఎంత ఖరీదైనదో ఇందులో చూడవచ్చు.

రివ్యూ, అప్పీలు ఏ వరుసలో నడవాలో మన రాష్ట్రం నుంచి వెళ్ళిన తుంగభద్ర ఇండస్ట్రీస్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. రివ్యూ వేసిన రోజు నాటికి అప్పీలు లేకపోతే, తర్వాత అప్పీలు వేసినా రివ్యూ చెల్లుబాటులోనే ఉంటుంది. ముందు ఏది వేయాలి, ఏది వదలాలి అన్నది తేదీల లెక్క. ఆ లెక్క మెమో వేయకముందే వేయాలి.

లిబర్టీ కాలాన్ని ఆపదు

'లిబర్టీ తీసుకున్నాం, ఇక భయం లేదు' అన్న భరోసా నాకు కలవరం కలిగిస్తుంది. ఆర్డర్ 23 రూల్ 2 ప్రకారం, అనుమతితో వేసే కొత్త దావాకు కూడా పాత దావా అసలు లేనట్టే కాలపరిమితి లెక్కిస్తారు. పాత దావా పరిధి లోపం వంటి కారణంతో విఫలం కావాల్సిందే అన్న స్థితిలో అనుమతి ఇచ్చి ఉంటేనే కాలపరిమితి చట్టం సెక్షన్ 14(3) ఆ కాలాన్ని మినహాయిస్తుంది. అందుకే లిబర్టీ ఉత్తర్వులో కారణం రాయించుకోవాలి. 'ఉపసంహరణకు అనుమతి' అన్న ఒక్క వాక్యం మీద తర్వాత కాలమినహాయింపు అడిగితే, కోర్టు చూడడానికి ఆధారం ఏదీ ఉండదు.

మెమోలో ఏం ఉండాలి

ఇన్ని తీర్పులు చెప్పింది ఒక మెమో కోసం. నా మాటగా దాని రూపం ఇలా ఉండాలంటాను:

'అప్పీలుదారు ఈ అప్పీలును ఈ కింది కారణంతో వెనక్కి తీసుకుంటున్నారు. అప్పీలులోని అంశాల మంచిచెడ్డల మీద ఈ కోర్టు ఏ అభిప్రాయమూ చెప్పలేదు. మూల దావాలో అన్ని వాదనలనూ అప్పీలుదారు వినిపించుకోవచ్చు. ఇకముందు వెలువడే ఉత్తర్వులను చట్టప్రకారం సవాలు చేసే హక్కుకు, సెక్షన్ 105 కింద అభ్యంతరాలకు ఈ ఉపసంహరణ భంగం కాదు.'

ఈ నాలుగు వాక్యాలనూ కోర్టు తన ఉత్తర్వులో నమోదు చేయాలని అడగాలి. మెమోలో ఉండి ఉత్తర్వులో లేని మాటకు పదేళ్ళ తర్వాత ఎవరూ విలువ ఇవ్వరు. 'డిస్మిస్డ్ యాజ్ విత్‌డ్రాన్' అని మాత్రమే ఉన్న డాకెట్ చూస్తే, నేను వెంటనే ధ్రువీకృత నకలు తీసుకుని, అవసరమైతే అదే కోర్టు ముందు స్పష్టీకరణ అడగమని జూనియర్లకు చెబుతాను. జ్ఞాపకాలు తాజాగా ఉన్నప్పుడు అడిగితే కోర్టు వింటుంది. ఉపసంహరణే పొరపాటున జరిగితే సెక్షన్ 151 కింద ఆ ఉత్తర్వును వెనక్కి తీసుకునే అధికారం కోర్టుకు ఉందని 2006లో జెట్ ప్లై వుడ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కానీ ఆ అధికారం ఆపదలో ఆసరా. దాన్ని నమ్ముకుని అజాగ్రత్తగా ఉండకూడదు.

ఆ హక్కు ఎవరిది

వకాలత్నామాలో రాజీకి, ఉపసంహరణకు అధికారం ఇస్తున్నట్టు అచ్చులో ఉంటుంది. ఆ అచ్చు కింద వేలిముద్ర వేసినవారిలో ఎంతమంది ఆ వాక్యం విన్నారు? విడిగా చెప్పకపోయినా న్యాయవాదికి ఆ అధికారం ఉంటుందని చెప్పిన తీర్పులు ఉన్నాయి. కక్షిదారు హక్కును వదులుకునే మాటను స్పష్టమైన సూచన లేకుండా న్యాయవాది ఇవ్వకూడదని 2015లో హిమాలయన్ కోఆపరేటివ్ గ్రూప్ హౌసింగ్ సొసైటీ కేసులో సుప్రీంకోర్టు గట్టిగా చెప్పింది. రెండు మాటలకూ మధ్య మనం నిలబడాల్సిన చోటు రెండోదాని వైపే.

కోర్టు హాల్లో బెంచి మొగ్గు చూసి, న్యాయవాది నిమిషంలో 'విత్‌డ్రా చేసుకుంటాం' అంటాడు. కక్షిదారు బయట వరండాలో కూర్చుని ఉంటాడు. ఆ నిర్ణయం చాలాసార్లు సరైనదే. వ్యతిరేక తీర్పు రాయించుకోవడం కన్నా వెనక్కి తీసుకోవడం మేలు. అయినా ఒక చిన్న వాయిదా అడిగి, ఆ మనిషిని పిలిచి, పోయేదేమిటో, మిగిలేదేమిటో, మళ్ళీ ఎప్పుడు ఏ తలుపు తట్టవచ్చో చెప్పడానికి పావుగంట చాలు. న్యాయమూర్తులను నేను కోరేదీ ఆ పావుగంటే. ఉపసంహరణ కేసుల సంఖ్యను తగ్గిస్తుంది, నిజమే. కానీ దాన్ని నమోదు చేసే ఉత్తర్వు ఇంకొక కేసును పుట్టించేలా ఉంటే తగ్గినదేమీ లేదు.

ఈ బార్‌కు నా అభ్యర్థన. ఉపసంహరణ మెమోతో పాటు, కక్షిదారు తెలుగులో చదివి, లేదా చదివించుకుని విని, సంతకం చేసిన ఒక చిన్న పత్రాన్ని ఫైలులో ఉంచే ఆనవాయితీని మీరు మొదలుపెట్టండి. వదులుకుంటున్న హక్కు ఒక వాక్యంలో, నిలుపుకుంటున్న హక్కు ఇంకొక వాక్యంలో ఉండాలి. దానికి చట్టసవరణ అక్కర్లేదు, హైకోర్టు సర్క్యులర్ అక్కర్లేదు. ఈ సంఘం జనరల్ బాడీ ఒక తీర్మానం చేస్తే చాలు. పేరు కోరకుండా ఈ వృత్తి చేసి వెళ్ళిపోయిన మన పెద్దలకు ఆ తీర్మానం తగిన గౌరవం. రేపు తుది డిక్రీ మీద అప్పీలు వేయడానికి వచ్చే రైతుకు అది రక్షణ.